ఆ పదహారు రోజుల జీతం ఎవరిస్తారు?

సంపాదకుల వారికి,

నమస్కారాలు. నేను విద్యాశాఖలో 1984లో జూనియర్ అసిస్టెంటుగా చేరి, 2017లో సూపరింటెండెంటుగా రిటైరయ్యాను. ఆ 33 ఏళ్లలో ఎక్కువ కాలం నేను చేసిన పని జీతాల బిల్లులు రాయడం. నెలలో ఇరవయ్యో తారీఖు వచ్చిందంటే ఇంట్లో పెళ్లయినా, జ్వరమైనా బిల్లు మానేవాణ్ణి కాదు. ఇరవై అయిదులోగా ట్రెజరీ కిటికీ దగ్గర బిల్లు ఇచ్చి టోకెను తీసుకుంటేనే ఒకటో తారీఖున నలభై ఇళ్లలో పచారీ కొట్టు బాకీ తీరుతుందని నాకు తెలుసు. ఆ సంగతి ఒంట్లో ఇంకిపోయినవాణ్ణి కనుక ఈ ఉత్తరం రాస్తున్నాను. కొంచెం పొడుగవుతుంది, మన్నించండి.

మా అమ్మాయి ఎస్జీటీ, అంటే ప్రాథమిక తరగతుల టీచరు. 2016లో ఉద్యోగంలో చేరింది. తొమ్మిదేళ్లు ఒక ఏజెన్సీ మండలంలో చేసింది. 2025 జూన్ బదిలీల్లో ఆ మండలం నుంచి మైదాన ప్రాంతంలోని ఇంకో మండలానికి వచ్చింది. పాత శ్రీకాకుళం జిల్లాను 2022 ఏప్రిల్‌లో విడదీశాక ఈ రెండు మండలాలూ రెండు జిల్లాలకు పోయాయి. టీచర్ల బదిలీలకు మాత్రం ఇంకా పాత ఉమ్మడి జిల్లానే లెక్క. కాబట్టి కౌన్సెలింగు ఒకే చోట జరుగుతుంది, సబ్ ట్రెజరీ మారిపోతుంది. జూన్ 16 సాయంత్రం రిలీవయింది. 17 ఉదయం కొత్త బడిలో చేరింది. ఒక్క రోజు కూడా మధ్యలో పోలేదు. రాత్రికి రాత్రి సామాను వ్యానులో వేసుకొని, పిల్లాణ్ణి ఒళ్లో పడుకోబెట్టుకొని వచ్చింది.

జూలై ఒకటిన జీతం పడలేదు. ఆగస్టు ఒకటిన కూడా పడలేదు. పొజిషన్ ఐడీ మారలేదన్నారు. తెలియని పాఠకుల కోసం చెబుతాను. మన రాష్ట్రంలో 2018 ఏప్రిల్ నుంచి జీతాలు, బిల్లులు అన్నీ సీఎఫ్ఎంఎస్ అనే కంప్యూటర్ విధానంలోకి వచ్చాయి. అందులో మనిషికొక నంబరు, మంజూరైన ప్రతి పోస్టుకూ ఒక నంబరు ఉంటాయి. ఈ మనిషి ఈ పోస్టులో ఉన్నాడు అని ఆ రెండు నంబర్లనీ కలిపితేనే జీతం కదులుతుంది. పాత పోస్టు నుంచి ఊడదీయాలి, కొత్త పోస్టుకు తగిలించాలి. అక్కడ అంతకుముందు ఉన్న టీచరును ఊడదీయకపోతే మా అమ్మాయికి చోటుండదు. ఆ టీచరు వెళ్లిన బడిలో ఇంకొకరు ఉండిపోతే ఆమెకూ చోటుండదు. ఎక్కడో ఒక బడిలో ఒక పేరు కదలకపోతే వెనక వరసలో అందరికీ జీతాలు ఆగిపోతాయి. దానికి తోడు ఈసారి బడుల సర్దుబాటులో కొన్ని పోస్టులే ఒక బడి నుంచి ఇంకో బడికి మారాయి. కొత్త నంబర్లు పుట్టించాల్సి వచ్చింది. పని పెద్దదని ఒప్పుకుంటాను. వేలమందిని వేసవిలో ఒకేసారి కదిపినప్పుడు ఇది వస్తుందని ముందే తెలియదా అన్నదొక్కటే నా ప్రశ్న.

ఆగస్టు చివరి వారంలో జీతం పడింది. ఫోన్లో మెసేజ్ చూసుకొని అమ్మాయి సంతోషంగా చెప్పింది. నేను పే స్లిప్పు పంపమన్నాను. అలవాటు కదా. జూలై పూర్తిగా ఉంది. జూన్‌కి పద్నాలుగు రోజులే ఉంది. పదిహేడో తారీఖు నుంచి ముప్పై దాకా. ఒకటి నుంచి పదహారు దాకా ఏమైంది అంటే కొత్త ఆఫీసువారు పాత ఆఫీసు పంపిన ఎల్‌పీసీ కాగితం చూపించారు. అందులో జీతం ఏ తేదీ వరకు చెల్లించారు అనే గడిలో 16-06-2025 అని ఉంది. చెల్లించలేదు. మే నెలాఖరు దాకానే చెల్లించారు. రిలీవయిన తేదీని తెచ్చి జీతం చెల్లించిన తేదీ గడిలో వేసేశారు. అంతే జరిగింది. ముప్పై మూడేళ్లు ఎల్‌పీసీలు రాసినవాణ్ణి, చూడగానే అర్థమైంది.

ఎల్‌పీసీ అంటే చివరి జీతం ధ్రువపత్రం. ఉద్యోగి బదిలీ అయినప్పుడు పాత ఆఫీసు కొత్త ఆఫీసుకు ఇచ్చే కాగితం. బేసిక్ ఎంత, డీఏ ఎంత, ఇంటద్దె ఎంత శాతం, ఏ తేదీ దాకా జీతం ఇచ్చేశాం, ఏ అప్పులున్నాయి, ఎన్ని వాయిదాలు పోయాయి, ఎన్ని మిగిలాయి, ఇన్సూరెన్సు, పీఎఫ్, పన్ను అన్నీ అందులో ఉంటాయి. అత్తవారింటికి వెళ్లే పిల్లతో సారె పంపినట్టు, ఉద్యోగితో ఎల్‌పీసీ పంపాలని నాకు పని నేర్పిన హెడ్ గుమస్తాగారు చెప్పేవారు. సారె లేకుండా పిల్లని పంపితే మాట ఎవరికి వస్తుంది, పుట్టింటికే కదా అనేవారు. మా రోజుల్లో నెల మధ్యలో ఎవరైనా వెళితే, ఫలానా నెలాఖరు వరకు ఇచ్చేశాం అని రాసి పంపేవాళ్లం. ఆ బదిలీ నెల మొత్తం కొత్త ఆఫీసే బిల్లు చేసేది. ఆ తేదీ రాసేటప్పుడు అక్విటెన్సు, అంటే జీతం ముట్టినట్టు సంతకాలు పెట్టే పట్టీ, పక్కన పెట్టుకొని, సంతకం ఉందో లేదో చూసి రాసేవాణ్ణి. ఆ ఒక్క గడి తప్పితే మనిషి నెల జీతం గల్లంతవుతుంది. మా అమ్మాయి విషయంలో అదే జరిగింది.

ఇక తిరుగుడు మొదలైంది. కొత్త ఆఫీసులో మర్యాదగానే మాట్లాడారు. "మేడమ్, మాకిచ్చిన కాగితంలో ఏముందో దాని ప్రకారం చేశాం. సవరించిన ఎల్‌పీసీ తెండి, బకాయికి ఎరియర్ బిల్లు పెడతాం" అన్నారు. న్యాయమే. పాత ఆఫీసుకు వెళ్లింది. అక్కడ ఎల్‌పీసీ మీద సంతకం పెట్టిన అధికారి కూడా బదిలీ మీద వెళ్లిపోయారు. ఇన్‌చార్జిగా ఉన్నాయన కాగితం అటూ ఇటూ తిప్పి, "నేను పెట్టిన సంతకం కాదమ్మా. పాత విషయాల్లో నేను వేలు పెట్టను. ఆడిట్ వాళ్లు నన్నడుగుతారు" అన్నారట. వెళ్లిపోయిన అధికారికి ఫోను చేస్తే, "నేనిప్పుడు ఆ సీట్లో లేను, నా సంతకం చెల్లదు" అన్నారు. ట్రెజరీకి వెళితే, సవరణ లేకుండా ఏమీ చేయలేమన్నారు. అందరూ చెప్పింది నిజమే. ఎవరూ తిట్టలేదు, కసురుకోలేదు, లంచం అడగలేదు. కానీ డబ్బు మాత్రం రాలేదు. ఆ పదహారు రోజుల జీతం రమారమి 32 వేల రూపాయలు. నాలుగు నెలలు దాటింది.

ఆ 32 వేలు పెద్ద మొత్తమా అని అడిగేవారుంటారు. బదిలీ అయిన నెలలో ఉద్యోగి ఇంటి ఖర్చు ఎలా ఉంటుందో ఒకసారి చూడండి. వ్యానుకు ఆరు వేలు. కొత్త ఇంటికి రెండు నెలల అడ్వాన్సు. పిల్లాడికి కొత్త స్కూలు ఫీజు, యూనిఫాం, పుస్తకాలు. పాత ఊళ్లో పాలవాడికీ, కిరాణా కొట్టుకూ లెక్క తీర్చేసి రావాలి, ఊరు వదిలిపోయేవారికి అరువు ఎవరిస్తారు? కోరుకున్న బదిలీకి టీఏ కూడా ఉండదు. అన్ని నెలల కంటే ఎక్కువ డబ్బు కావలసిన నెలలోనే జీతం ఆగింది. హౌసింగ్ లోను వాయిదా జూలై అయిదున వెనక్కి తిరిగింది. బ్యాంకు 590 రూపాయలు కోసింది, 500 చార్జీ, 90 జీఎస్టీ. ఆగస్టు అయిదున మళ్లీ 590. సిబిల్ స్కోరు పడిపోయిందని బ్యాంకు నుంచి ఎవరో అమ్మాయి ఫోను చేసి చెప్పింది. మా ఆవిడ తన పేర వేసుకున్న ఫిక్స్‌డ్ డిపాజిట్ ముందే తీసేసి ఇచ్చింది. తీసుకునేటప్పుడు అమ్మాయి ఏడ్చింది. "నాన్నా, నేను ఉద్యోగం చేస్తున్నాను. నేను మీకివ్వాలి గానీ" అంది. ఆ మాట నాకు నిద్రపట్టనివ్వలేదు.

మా అమ్మాయిది సీపీఎస్, అంటే ఉద్యోగి కూడా వాటా కట్టే పెన్షన్ పథకం. 2004 సెప్టెంబరు ఒకటి నుంచి చేరినవారిది అదే. నెలనెలా బేసిక్, డీఏ కలిపిన మొత్తంలో పది శాతం కోసి, దానికి ప్రభుత్వ వాటా కలిపి ఆమె ప్రాన్ అనే పెన్షన్ ఖాతాలో వేస్తారు. ఆ పదహారు రోజుల జీతం రాలేదంటే ఆ కోత, ఆ వాటా రెండూ రాలేదు. ఇప్పుడు పట్టించుకోకపోతే ఇరవై ఏళ్ల తర్వాత ఆ ఖాళీ ఎవరికి గుర్తుంటుంది?

ఇక్కడ నా తప్పొకటి చెప్పుకోవాలి. చెప్పకపోతే ఈ ఉత్తరం రాసే హక్కు నాకు లేదనిపిస్తోంది. తొంభైల్లో నేనొక హైస్కూల్లో పని చేస్తున్నప్పుడు ఒక మాస్టారికి బదిలీ అయింది. ఆయన లైబ్రరీ ఇన్‌చార్జి. పుస్తకాలు లెక్కపెట్టి అప్పజెప్పేలోగా రిలీవ్ చేసేశారు. పుస్తకాల లెక్క తేలేవరకు ఎల్‌పీసీ పంపొద్దని హెడ్మాస్టరుగారు చెప్పారు. నేను రాసి ఉంచిన ఎల్‌పీసీని బీరువాలో పెట్టి తాళం వేశాను. రెండు నెలలు పెట్టాను. ఆ మాస్టారు రెండు సార్లు వచ్చారు. అల్మారాల్లో చెదలు పట్టినవి, పిల్లలు తేనివి, అన్నీ రాసి సంతకం చేసి వెళ్లారు. ఆ రెండు నెలల్లో ఆయన భార్య మెడలో గొలుసు తాకట్టుకు పోయిందని తర్వాతెప్పుడో ఆయన తోటి టీచరు చెబితే తెలిసింది. పుస్తకాలు పోతే ఆయన మీద వేరే రికవరీ పెట్టవచ్చు, మెమో ఇవ్వవచ్చు. చేసిన పనికి ఇవ్వాల్సిన జీతాన్ని తాకట్టుగా పట్టుకోవడం తప్పు. ఎల్‌పీసీ జీతం లెక్క చెప్పే కాగితం, బాకీలు వసూలు చేసే పగ్గం కాదు. ఆ మాట హెడ్మాస్టరుగారితో నేను అనాల్సింది. అనలేదు. ఇవాళ కూడా మధ్యాహ్న భోజనం లెక్కలనీ, ట్యాబులు అప్పజెప్పలేదనీ ఎల్‌పీసీలు ఆపే చోట్లున్నాయని టీచర్లు చెబుతుంటే ఆ బీరువా తాళం గుర్తుకొస్తుంది.

దాని తర్వాతి సంగతి కూడా చెబుతాను. అదే రోజుల్లో ఒక అటెండరు వేరే ఆఫీసు నుంచి మా దగ్గరికి వచ్చాడు. పండగ అడ్వాన్సు తీసుకున్నాడు, పది వాయిదాలు. ఎనిమిది కట్టేశాడు, రెండు మిగిలాయి. వచ్చిన ఎల్‌పీసీలో వసూలైనవి రెండు, మిగిలినవి ఎనిమిది అని తిరగేసి రాశారు. నేను కాగితం ప్రకారం కోస్తూ పోయాను. మూడో నెలలో అతను బిల్లు రోజున నా బల్ల పక్కన నిలబడి, "బాబూ, నాది అయిపోయుంటాది కదా" అన్నాడు. ఎనిమిది నెలల జీతం చీటీలు దారంతో కట్టి తెచ్చుకున్నాడు. లెక్క చూస్తే అతను చెప్పిందే నిజం. నేను ఒక ఉత్తరం రాసిచ్చి అతన్ని పాత ఆఫీసుకు పంపాను. అక్కడ కూడా సంతకం పెట్టిన అధికారి మారిపోయారు. కొత్తగా వచ్చినాయన పాత బిల్లుల కట్ట తెప్పించుకొని చూసి, ఆ సాయంత్రమే సవరించిన ఎల్‌పీసీ ఇచ్చి పంపారు. కింద తన సంతకం, ఆఫీసు ముద్ర. ఆయన కూడా ఆడిట్‌కు భయపడే మనిషే. కాకపోతే బిల్లుల కట్ట తన ఆఫీసులో ఉంది, తప్పు తన ఆఫీసు చేసింది, దిద్దాల్సింది తనే అనుకున్నారు. సంతకం మనిషి పెట్టినా అది కుర్చీ హోదాలో పెట్టిన సంతకం. మనిషి మారినప్పుడల్లా ఆఫీసు చేసిన తప్పులకు దిక్కులేకుండా పోతే ఇక రికార్డు ఎందుకు?

ఇవాళ పాత బిల్లుల కట్టలు దుమ్ము దులిపి వెతకాల్సిన పని కూడా లేదు. మా అమ్మాయి పేరున జూన్ నెలలో పాత ఆఫీసు నుంచి ఏ బిల్లూ పాస్ కాలేదని ట్రెజరీ కంప్యూటరులో ఆమె నంబరు కొడితే నిమిషంలో కనబడుతుంది. బ్యాంకు స్టేట్‌మెంటు కూడా ఉంది. ఇన్ని రుజువులు పెట్టుకొని, కాగితంలో ఒక తేదీ తప్పు పడిందని కాగితాన్నే నమ్ముతామంటే ఎలా? సమాచారమంతా ఒకే చోట ఉన్నప్పుడు అసలు ఎల్‌పీసీ చేతితో నింపడమే అనవసరం. చివరి బిల్లు ఏ తేదీ వరకు పాసయిందో యంత్రమే చెప్పాలి, ఆ గడిని ఎవరూ టైపు చేయకూడదు. అది ఒక్కటి చేస్తే ఇలాంటి తగాదాలు చాలావరకు పుట్టవని, ఆ పని చేసినవాడిగా చెబుతున్నాను.

ఇది టీచర్ల గొడవ మాత్రమే కాదు. రాష్ట్రం విడిపోయినప్పుడు చూశాం. 2015 జూన్‌లో తెలంగాణ విద్యుత్ సంస్థలు 1,157 మందిని స్థానికత లెక్కన ఆంధ్రకు రిలీవ్ చేశాయి. ఇటువైపు సంస్థలు చేర్చుకోలేదు. ఇంజనీర్లు, అకౌంట్స్ ఉద్యోగులు రెండు రాష్ట్రాల మధ్య నిలబడిపోయారు. వాళ్ల పనీ, జీతమూ కోర్టులకు ఎక్కాయి. చివరికి సుప్రీంకోర్టు జస్టిస్ ధర్మాధికారితో ఏకసభ్య కమిటీ వేయాల్సి వచ్చింది. తగవు తేలడానికి ఏళ్లు పట్టింది. అంత పెద్ద వ్యవహారానికీ, మా అమ్మాయి పదహారు రోజుల జీతానికీ పోలిక ఏమిటంటారేమో. పంపినవాడు పంపేశానన్నాడు, తీసుకోవాల్సినవాడు నాకు రాలేదన్నాడు, నడుమ ఉద్యోగి. నాకు రెండూ ఒకేలా కనిపిస్తున్నాయి.

దీనికి ఎదురు తగవులు కూడా ఉన్నాయి, ఎక్కువ ఇచ్చేసి తర్వాత వెనక్కి అడిగేవి. పట్నంలో 16 శాతం ఇంటద్దె తీసుకుంటున్న ఒక స్కూల్ అసిస్టెంటు పల్లెకు బదిలీ అయితే అక్కడ 10 శాతమే రావాలి. కొత్త ఆఫీసు మార్చకుండా పాత శాతంతోనే రెండేళ్లు ఇచ్చేసింది. ఆడిట్ పట్టుకుంది. ఒకేసారి మొత్తం కట్టమన్నారు. ఆయన ఏ కాగితం దాచలేదు, ఏ అబద్ధం చెప్పలేదు. కింది స్థాయి (గ్రూప్ సీ, డీ) ఉద్యోగుల నుంచీ, రిటైరైనవారి నుంచీ, ఏడాదిలో రిటైరవబోయేవారి నుంచీ ఇలా పొరపాటున ఎక్కువ ఇచ్చిన సొమ్ము వసూలు చేయడం కూడదని 2014 డిసెంబరులో సుప్రీంకోర్టు పంజాబ్ ప్రభుత్వానికీ రఫీక్ మసీహ్‌కీ మధ్య నడిచిన కేసులో చెప్పింది. ఆ తీర్పు జిరాక్స్ జేబులో పెట్టుకొని తిరుగుతున్నవారు నాకు తెలుసు. అయితే ఉద్యోగులకు కూడా ఒక మాట చెబుతాను. పే స్లిప్పు ప్రతి నెలా చూసుకోండి. బ్యాంకులో ఎంత పడిందో చూస్తే సరిపోదు. బదిలీ అయిన మొదటి మూడు నెలలూ ప్రతి గడీ చూడండి. ఇంటద్దె శాతం, ఇంక్రిమెంటు నెల, ఇన్సూరెన్సు, ప్రాన్. తప్పు మొదటి నెలలో దొరికితే చిన్న ఉత్తరంతో పోతుంది.

ప్రభుత్వానికి డబ్బు లేదంటే అర్థం చేసుకోవచ్చు. కరోనా కాలంలో 2020 మార్చి, ఏప్రిల్ జీతాలనూ, మార్చి పెన్షన్లనూ మన రాష్ట్ర ప్రభుత్వం కొంత వాయిదా వేసింది. నా పెన్షన్ కూడా కోత పడింది. అప్పుడు ఒక విశ్రాంత జిల్లా జడ్జిగారు హైకోర్టుకు వెళ్లారు. ఆలస్యానికి 12 శాతం వడ్డీ ఇవ్వాలని హైకోర్టు చెప్పింది. 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు దాన్ని 6 శాతానికి తగ్గించింది గానీ, చేసిన పనికి జీతం ఉద్యోగి హక్కు, పెన్షన్ కూడా హక్కే, ఆలస్యమైతే వడ్డీ ఇవ్వాల్సిందే అని తేల్చింది. మహమ్మారి వచ్చి ఖజానా ఖాళీ అయినప్పుడే వడ్డీ ఇవ్వమన్న కోర్టు, ఒక గడిలో తేదీ తప్పుపడి నాలుగు నెలలు ఆగిన జీతానికి ఏమంటుంది? ఎరియర్ బిల్లు పాసైనప్పుడు వడ్డీ లెక్కకట్టి ఇచ్చిన ఆఫీసును నా సర్వీసులో నేను చూడలేదు. నేనూ కట్టలేదు. అడిగినవాడూ లేడు.

మీ పత్రిక ద్వారా ఆర్థిక శాఖకూ, విద్యాశాఖకూ నేను అడిగేది అమలు చేయలేని విషయం కాదు. బదిలీ అయినవారి పేరు కొత్త పోస్టుకు తగిలించేవరకు పాత పోస్టులోనే జీతం నడవనివ్వండి. మనిషి రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగే, డబ్బు రాష్ట్ర ఖజానాదే, ఏ మండలం పద్దులో పడిందన్నది తర్వాత పుస్తకంలో సర్దుకోవచ్చు. రిలీవింగ్ ఆర్డరు ఇచ్చిన రోజే ఎల్‌పీసీ ఉద్యోగి చేతికి రావాలి, ఒక నకలు ఆయన చూసుకొని సంతకం చేయాలి. మా అమ్మాయికి ఆ కాగితం ముందుగా చూపించి ఉంటే అక్కడే చెప్పేది, "సార్, జూన్ జీతం నాకింకా రాలేదు" అని. ఆమెకు తెలియకుండా మెయిల్లో వెళ్లిపోయింది. సవరణ అవసరమైతే ఇన్ని రోజుల్లో చేయాలని గడువు పెట్టండి. ఇన్‌చార్జి అయినా సరే, ఆ సీటులో ఉన్నవారే చేయాలని ఒక మెమో ఇవ్వండి. ఇన్‌చార్జి అధికారి భయం నాకు తెలుసు. ఆయన్ని తప్పు పట్టడం లేదు. పైనుంచి ఒక వాక్యం రాతలో ఉంటే ఆయన ధైర్యంగా పెన్ను తీస్తాడు.

పోస్టు నంబర్ల పని మే నెలలో సెలవుల్లోనే పూర్తి చేసి, అప్పుడు కౌన్సెలింగు పెట్టాలి. బదిలీల షెడ్యూలులో ఖాళీల జాబితా తేదీ, ఆప్షన్ల తేదీ, చేరే తేదీ అన్నీ వేస్తారు. జీతం పడే తేదీ ఎందుకు వేయరు?

మా అమ్మాయికి ఏడాదికి పదిహేను సీఎల్‌లు, అంటే క్యాజువల్ లీవులు. ఈ పని మీద ఇప్పటికే మూడు అయిపోయాయి. ఒకసారి వెళితే అధికారి మీటింగులో ఉన్నారు. ఇంకోసారి వర్షానికి ఘాట్ రోడ్డు మీద బస్సు ఆగిపోయి, చేరేసరికి ఆఫీసు మూసేశారు. మూడోసారి జరిగింది పైన రాశాను. ఆ రోజున ఆమె తరగతిలో పిల్లలు పక్క గదిలో కూర్చున్నారు. ఇద్దరు టీచర్ల బడి అది.

రెండో శనివారం ఎదురుచూసి లాభం లేదు, ఆ రోజు ఆఫీసుకూ సెలవే. అందుకని వచ్చే సోమవారం నాలుగో సీఎల్ పెట్టింది. ఆ మండలానికి కొత్త అధికారి వచ్చారని, ఆ రోజు ఆఫీసులోనే ఉంటారని కబురు తెలిసింది. ఈసారి నేను కూడా వెంట వెళ్తున్నాను. ఎల్‌పీసీ నకలు, మే నెల పే స్లిప్పు, జూన్ ఒకటి నుంచి ఆగస్టు ముప్పై ఒకటి వరకు బ్యాంకు స్టేట్‌మెంటు, సర్వీసు రిజిస్టరులో రిలీవింగ్ ఎంట్రీ ఉన్న పేజీ జిరాక్స్, అన్నీ ఒక ప్లాస్టిక్ కవర్లో పెట్టాను. సవరించిన ఎల్‌పీసీ నమూనా కూడా నా చేత్తో రాసి పెట్టాను. జీతం చెల్లించిన తేదీ గడిలో 31-05-2025 అని రాశాను. సంతకం చేసే చోటు ఒక్కటే ఖాళీగా ఉంది.

ఇట్లు,
ఒక విశ్రాంత సూపరింటెండెంటు,
శ్రీకాకుళం జిల్లా